మీకు తెలుసా? చిత్తకార్తె వెళ్ళాక పండే గడ్డలు

పండేది మామిడికాయ ఒక్కటే కాదు, గడ్డ కూడా పండుతుంది. తెలుగువాళ్ళం రెంటికీ ఒకే మాట వాడుకున్నాం. సుశ్రుత సంహితలోనూ ఇదే లెక్క ఉంది. వాపు మూడు దశల్లో నడుస్తుందని చెప్పి వాటికి ఆమం, పచ్యమానం, పక్వం అని పేర్లు పెట్టింది. పచ్చిది, పండుతున్నది, పండినది అన్నమాట. తెలియక పచ్చిగడ్డను కోసేవాణ్ణీ, పండిన గడ్డను చూసి కూడా ఊరుకునేవాణ్ణీ ఆ గ్రంథం ఒకే గాటన కట్టి తిట్టింది. మనుషుల కోసం చెప్పిన ఆ సంగతి మన వాకిట్లో పడుకున్న కుక్కకూ అలాగే వర్తిస్తుంది. కుక్కల చీముగడ్డల్లో నూటికి తొంభై తిప్పలు ఈ రెండు తప్పుల దగ్గరే మొదలవుతాయని నా అభిప్రాయం.

*

చిత్తకార్తె కుక్కలనే మాట మనకు తిట్టుగా మిగిలింది గానీ, దాని వెనక రైతు కంటితో చూసిన నిజం ఉంది. ఏటా అక్టోబరు 10, 11 తేదీల్లో ఈ కార్తె మొదలవుతుంది. మన దేశంలో వీధికుక్కలు ఎక్కువగా వానలు వెనకబట్టి చలి తొంగిచూసే ఈ రోజుల్లోనే ఎదకొస్తాయి. బందరు కోనేరు సెంటర్లో చూడండి, గుడివాడ నెహ్రూ చౌక్‌లో చూడండి, నాగాయలంకలో చూడండి, ఒక ఆడకుక్క వెనక అరడజను మగకుక్కలు, రాత్రంతా కొట్లాట. గొలుసు తెంపుకుని గోడ దూకిన మన ఇంటి కుక్క కూడా ఆ గుంపులోనే ఉంటుంది. తెల్లారి ఇంటికొస్తుంది. ఒంటిమీద పెద్దగా గాయం కనిపించదు. బతికిపోయింది అనుకుంటాం. రెండు మూడు రోజులు గడిచాక, ఒక్కోసారి అయిదారు రోజులకి, మెడ మీదనో భుజం దగ్గరో నిమ్మకాయంత వాపు తేలుతుంది.

ఎందుకంటే కుక్క కోరపన్ను చేసే గాయం, పొలం గట్టు మీద ఎలుక చేసే బొరియ లాంటిది. పైన వేలు పట్టేంత కన్నం, లోపల గట్టంతా గుల్ల. కుక్క తోలు వదులుగా ఉంటుంది కదా, పన్ను దిగిన తరవాత అవతలి కుక్క విదిలించి కొడితే తోలుకీ కండకీ మధ్య జాగా ఏర్పడుతుంది. నోట్లోని సూక్ష్మజీవులు అక్కడికి చేరతాయి. పైన కన్నం ఒకటి రెండు రోజుల్లో పూడుకుపోతుంది. లోపలి సరుకు లోపలే ఉండిపోతుంది.

అందుకే కొట్లాట జరిగిన పొద్దున్నే కుక్కను కూర్చోబెట్టుకుని, బొచ్చును ఎదురు దువ్వుతూ ఒళ్ళంతా వేళ్ళతో తడమాలి. చిన్న రక్తపు చుక్క, అంటుకుపోయిన బొచ్చు, ముట్టుకుంటే మూలిగే చోటు... ఇవి దొరికితే అప్పుడే ఉప్పునీళ్ళతో కడిగి డాక్టరుకి చూపించాలి. గడ్డ కట్టకుండా ఆపగలిగే రోజు అదొక్కటే.

*

కరిచిన కుక్క ఎవరిదో, దానికి టీకా పడిందో లేదో తెలియదు. కాబట్టి తాజా కాటును ఉత్త చేతులతో కడగొద్దు, తొడుగులు వేసుకోండి. మీ కుక్కకు ఏటా రేబిస్ టీకా వేయిస్తున్నా సరే, కాటు పడిందని డాక్టరుకి చెప్పండి. మళ్ళీ వేయాలా, ఎన్ని వేయాలా అన్నది ఆయన చూసుకుంటారు. 1885 జులై 6న జోసెఫ్ మైస్టర్ అనే తొమ్మిదేళ్ళ కుర్రాడికి లూయీ పాశ్చర్ తొలి రేబిస్ టీకా వేయించాడు. ఆ రోజు గుర్తుగానే ఏటా జులై 6న మన పశువుల ఆస్పత్రుల్లో కుక్కలకి ఉచితంగా ఈ టీకా వేస్తారు. చిత్తకార్తెకు మూడు నెలల ముందన్నమాట. ఎవరు కుదిర్చారో గానీ సరిగ్గా కుదిరింది.

*

చీము అంటే ఏమిటో మీకు తెలుసా? కుళ్ళు అనుకుంటాం. నిజానికి అందులో సగం సైన్యమే. సూక్ష్మజీవులతో పోరాడి చచ్చిన తెల్లరక్తకణాలు, చచ్చిన సూక్ష్మజీవులు, కరిగిపోయిన కండ, అన్నీ కలిస్తే చీము. దాని చుట్టూ శరీరం గట్టు పోస్తుంది. ఇన్‌ఫెక్షన్ ఒళ్ళంతా పాకకుండా ఆపేది ఆ గట్టే, మాత్రల్ని లోపలికి వెళ్ళనివ్వనిదీ ఆ గట్టే. గట్టు లోపల రక్తనాళాలు ఉండవు. రక్తం చేరని చోటికి రక్తంతో పాటు ప్రయాణించే మందు ఎలా చేరుతుంది? "వారం రోజులు యాంటీబయాటిక్ వాడాం, తగ్గినట్టే తగ్గి మళ్ళీ వచ్చింది" అనే మాట వెనక కథ ఇంతే.

ఒకప్పుడు యూరపులో పుండుకు చిక్కటి చీము పడితే శుభసూచకం అనుకునేవారు. స్కాట్లండ్‌లోని అబర్దీన్‌లో అలెగ్జాండర్ ఆగ్‌స్టన్ అనే సర్జన్ 1880 ప్రాంతంలో చీమును మైక్రోస్కోపు కింద పెట్టి చూస్తే ద్రాక్షగుత్తుల్లా గుంపులుగా సూక్ష్మజీవులు కనిపించాయి. గ్రీకులో ద్రాక్షగుత్తి పేరు పెట్టి వాటిని స్టెఫిలోకాకస్ అన్నాడు. కుక్క చర్మం మీద మామూలుగా ఉండే సూక్ష్మజీవుల్లో ఆ కుటుంబంవీ ఉంటాయి.

*

గడ్డ పచ్చిదా, పండిందా? వేలితోనే తెలుస్తుంది. మొదట్లో వాపు గట్టిగా, వేడిగా ఉంటుంది, ముట్టుకుంటే కుక్క గుర్రుమంటుంది. పండేకొద్దీ నడుమ మెత్తబడుతుంది. ఒక పక్క నొక్కితే రెండో పక్క ఎగదన్నుతుంది, నీళ్ళు నింపిన బెలూన్ లాగా. పైన బొచ్చు రాలి, తోలు పలచబడి, ఊదారంగుకు తిరుగుతుంది. ఆ తరవాత పగులుతుంది.

పచ్చిగా ఉన్నప్పుడు ఇంట్లో చేయగలిగింది కాపడం. చెయ్యి ఓర్చుకునేంత వేడినీళ్ళలో గుడ్డ ముంచి, పిండి, పది నిమిషాలు వాపు మీద ఆనించడం. రోజుకు మూడు నాలుగు సార్లు. గడ్డను పిండి చిదమడం మాత్రం ఎప్పుడూ వద్దు. పైకి రావలసిన చీము గట్టు తెగి లోపలికి, కండల మధ్యకు పాకుతుంది.

పగిలితే? చాలామంది ఇక్కడే "హమ్మయ్య, కారిపోయింది" అని ఊరుకుంటారు. కుక్కకు కూడా ఆ పూట నెప్పి తగ్గి లేచి అన్నం తింటుంది, తోక ఆడిస్తుంది. కానీ పైన తోలు తొందరగా అతుక్కుంటుంది, లోపల గుల్ల అలాగే ఉంటుంది. వారం తిరిగేసరికి మళ్ళీ నిండుతుంది. పగిలిన గడ్డనే డాక్టరుకి చూపించాలి, పగలని గడ్డ కంటే తొందరగా.

*

ముక్కు తడిగా, చల్లగా ఉంటే జ్వరం లేదనుకోవడం మన ఇళ్ళలో పాతుకుపోయిన లెక్క. అది నమ్మదగ్గది కాదు. మనకి 98.6 డిగ్రీల ఫారన్‌హీట్ మామూలైతే, కుక్కకు 101 నుంచి 102.5 దాకా మామూలే. అందుకే ఒంటిమీద చెయ్యి వేసి "కాలిపోతోంది" అనేవాళ్ళు సగంసార్లు ఆరోగ్యంగా ఉన్న కుక్కను చూసే అంటారు. డిజిటల్ థర్మామీటరు మొనకు కొబ్బరినూనె రాసి మలద్వారంలో అంగుళం లోపే పెడితే నిమిషంలో తేలుతుంది. కుక్కకు పెట్టినదాన్ని మనుషులకు వాడొద్దని వేరే చెప్పక్కర్లేదనుకుంటాను. 103 దాటి, కుక్క తిండి మానేసి ముడుచుకు పడుకుంటే కాపడాలతో కాలక్షేపం చేయకూడదు.

*

ప్రతి వాపూ చీముగడ్డ కాదు. ఇది కాస్త నిదానంగా చదవండి.

దివిసీమలో మొదట అనుమానించాల్సింది పామును. 2018 వానాకాలంలో అక్కడ పాముకాట్లు ఎంత పెరిగాయంటే, మోపిదేవి సుబ్రహ్మణ్యేశ్వరస్వామి గుడిలో సర్పశాంతి యాగం తలపెట్టే దాకా వెళ్ళింది. కుక్క పామును చూస్తే ఊరుకోదు, మూతితోనే పలకరిస్తుంది. కాటు మూతి మీదనో ముందుకాలి మీదనో పడుతుంది. రక్తపింజరి, నాగుపాము కాట్లకు గంటల్లోనే వాపు పెరిగిపోతుంది. చీముగడ్డకు రోజులు పడుతుంది. పొద్దున బాగున్న కుక్క మధ్యాహ్నానికి మొహం వాచి తూలుతుంటే, కాపడం నీళ్ళు కాచొద్దు, బండి తీయండి. మనుషులకు ఇచ్చే పాము విరుగుడు ఇంజక్షనే కుక్కలకూ ఇస్తారు.

చెవి డొప్ప పూరీలా పొంగితే అది సాధారణంగా రక్తం. చెవి దురద పుట్టి తల విదిలించీ విదిలించీ లోపలి నాళాలు చిట్లుతాయి. ముదిరిన మగకుక్కకు తోక పక్కన మెత్తగా ఉబ్బితే అది హెర్నియా కావచ్చు. అందులో పేగు గాని మూత్రాశయం గాని ఉండొచ్చు. దాన్ని గడ్డ అనుకుని బ్లేడు పెట్టిన వాడు ప్రాణం తీసినట్టే. డాక్టరు కత్తి కంటే ముందు సన్నని సూది గుచ్చి లోపలేముందో లాగి చూసేది ఇందుకే. దవడ కింద, భుజాల ముందు, మోకాళ్ళ వెనక రెండు వైపులా ఒకేసారి ఉండలు తగిలితే అవి లింఫు గ్రంథులు. మన దగ్గర ఆ వాపుకు ముందు అనుమానించాల్సింది పిడుదుల జ్వరాన్ని. ఇక మూడు నెలల లోపు పిల్లకు మూతి, కళ్ళ చుట్టూ వాచి, గొంతు కింద గడ్డలు కట్టి పగిలితే, చూడ్డానికి అచ్చం చీముగడ్డే గాని అందులో సూక్ష్మజీవులు ఉండవు. ఒట్టి యాంటీబయాటిక్‌కు లొంగదు, స్టెరాయిడ్ కావాలి. వైద్యం పూర్తిగా తలకిందులు.

పిడుదుల జ్వరం ఎత్తాను కాబట్టి ఒక మాట. దానికి ఇచ్చే డాక్సీసైక్లిన్ టెట్రాసైక్లిన్ల కుటుంబానిది. ఆ కుటుంబంలో మొదటిది ఆరియోమైసిన్. అమెరికాలో లెడర్లీ ప్రయోగశాలలో బెంజమిన్ డగ్గర్ దాన్ని కనిపెట్టి 1948లో లోకానికి చెప్పినప్పుడు, ఆ పరిశోధనలకు డైరెక్టరు భీమవరంలో పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావు. గుడివాడలో కుక్కకు మాత్ర వేస్తూ పక్క జిల్లా మనిషిని తలుచుకోవడానికి ఇంతకంటే కారణం అక్కర్లేదు.

*

కొరుకుడు ఒక్కటే కారణం కాదు. కోతలయ్యాక పొలంలో వరి కొయ్యకాళ్ళ మీద పరిగెత్తే కుక్కకు కాలివేళ్ళ సందున గుచ్చుకుంటుంది. పల్లేరుకాయ, సర్కారు తుమ్మ ముల్లు, సూదిమొన ఉన్న గడ్డిగింజ తోలులో దూరితే వెనక్కి రాదు, ముందుకే నడుస్తుంది. కాలివేళ్ళ మధ్య దిగింది ఇంకాస్త పైన గడ్డగా తేలొచ్చు. గిలకలదిండి రేవు దగ్గర తిరిగే కుక్కకు, చేపల చెరువుల గట్ల మీద కాపలా కాసే కుక్కకు జెల్ల ముల్లు నోట్లోనో పాదంలోనో దిగుతుంది. ముల్లు లోపల ఉన్నంతకాలం ఆ పుండు మానడం, పగలడం, మానడం, పగలడం. ఒకే చోట మూడోసారి చీము పట్టిందంటే అక్కడ ఏదో ఉంది, మందు మార్చడం కాదు, వెతికి తీయడం కావాలి.

కంటి కిందే మాటిమాటికీ పగిలే గడ్డకు కంటితో పనే లేదు. పై దవడలో మాంసం కోసే పెద్ద పన్ను వేరుకు చీము పడితే అది కంటి కింద తేలుతుంది. ఎముక కొరికి పన్ను చిట్లించుకున్న కుక్కల్లో ఇది మామూలు. కంట్లో చుక్కలు వేస్తూ నెలలు గడిపేవాళ్ళుంటారు. పన్ను తీయాలి, లేదా వేరుకు వైద్యం చేయాలి.

వెనక భాగాన్ని నేలకేసి రాస్తూ పాకే కుక్కకు నులిపురుగులనే అంటాం. మలద్వారానికి ఇరుపక్కలా, గడియారం మీద నాలుగు, ఎనిమిది ఉండే చోట, రెండు చిన్న సంచులుంటాయి. వాటి దారి మూసుకుపోతే చీము పడుతుంది. పురుగుల మందు వేసి ఊరుకుంటే ఒకరోజు పక్కన కన్నం పడి రక్తంతో కారుతుంది.

*

ఇంటి వైద్యాల గురించి నిష్ఠూరంగానే చెబుతాను. సెగగడ్డకు ఉమ్మెత్తాకు వెచ్చచేసి కట్టడం, ముల్లు దిగితే జిల్లేడు పాలు పోయడం మన ఊళ్ళలో పాతవే. మనిషి కట్టు నాకడు. కుక్క నాకుతుంది. ఉమ్మెత్త విషం, జిల్లేడు పాలు కంటికి తగిలితే కన్నుకే ముప్పు. పుండులో పురుగులు పడ్డాయని ఫినాయిలు, కిరోసిన్, కలరా ఉండల పొడి పోసేవాళ్ళున్నారు. వానాకాలంలో తెరిచి ఉన్న పుండు మీద ఈగ గుడ్డు పెడితే ఒక్క రోజులో పురుగవుతుంది, నిజమే. ఆ పురుగును తీయడానికి కుక్కను చంపక్కర్లేదు. పశువుల డాక్టరు దగ్గర దానికి తగిన మందులున్నాయి.

నెప్పికని మన మాత్రలు వేయడం అంతకంటే ప్రమాదం. పారాసెటమాల్, ఐబుప్రొఫెన్, డైక్లోఫెనాక్, మూడూ వద్దు. ఐబుప్రొఫెన్ కుక్క కడుపులో పుళ్ళు పుట్టించి, మోతాదు ఎక్కువైతే కిడ్నీలను దెబ్బతీస్తుంది. డైక్లోఫెనాక్ సంగతి దేశమంతా ఎరిగినదే. ఆ మందు వేసిన పశువుల కళేబరాలు తిని రాబందులు రాలిపోయాయి. 2006లో పశువులకు దాని వాడకాన్ని నిషేధించారు. రాబందులు తినాల్సిన కళేబరాలు వీధికుక్కల పాలయ్యాయి, కుక్కలు పెరిగాయి.

కుక్క నాకితే పుండు మానుతుందనే నమ్మకంలో రవ్వంత నిజం ఉంది. ఉమ్మిలో సూక్ష్మజీవుల్ని చంపే పదార్థం కొద్దిగా ఉంది. కొత్త సూక్ష్మజీవులు అంతకంటే ఎక్కువున్నాయి. గరుకు నాలుకతో నాకీ నాకీ పుండును పెద్దది చేసుకుంటుంది. నాకకుండా మెడకు తొడిగే కోన్ దొరక్కపోతే పాత ప్లాస్టిక్ బకెట్టు అడుగు కోసి, అంచు గుచ్చుకోకుండా గుడ్డ చుట్టి, మెడకు తొడిగి పట్టీకి కట్టండి. రెండు గంటలు అలుగుతుంది, తరవాత అలవాటు పడుతుంది.

*

ఇక డాక్టరు చేసే పని. డెల్టాలో పుట్టిన వాళ్ళకు ఒక్క మాటలో చెప్పొచ్చు: తూము పల్లంలో పెట్టాలి. మెరక మీద తూము పెడితే చేలో నీరు దిగదు. గడ్డను కూడా ఎత్తుగా ఉబ్బిన చోట కాకుండా, కుక్క నిలబడినప్పుడు చీము తనంతట తను జారే అడుగు భాగాన కోస్తారు. మత్తు ఇచ్చి, బొచ్చు గొరిగి, కోసి, లోపలి గదులన్నీ ఒకటయ్యేలా వేలితో విడదీసి, సెలైన్‌తో కడుగుతారు. గుల్ల పెద్దదైతే మెత్తని రబ్బరు గొట్టం పెట్టి రెండు నుంచి అయిదు రోజులుంచుతారు. కన్నం కుట్టరు. "ఇంత డబ్బు తీసుకుని కుట్టు కూడా వేయలేదు" అని డాక్టరు మీద కోప్పడకండి. లోపలినుంచి నిండుకుంటూ పైకి రావాలి, అదే సరైన మానుదల.

ఇంటికొచ్చాక మీ వంతు పని కడగడం. లీటరు నీళ్ళు మరగకాచి 9 గ్రాముల ఉప్పు, అంటే చిన్న చెంచాతో సుమారు ఒకటిన్నర చెంచా, వేసి గోరువెచ్చగా చల్లార్చి సిరంజితో రోజుకు రెండుసార్లు. హైడ్రోజన్ పెరాక్సైడ్ బుసబుసా పొంగితే పని చేస్తున్నట్టు ఉంటుంది గాని, అది కొత్తగా పుట్టే కండను కూడా తినేస్తుంది. యాంటీబయాటిక్ రాసిచ్చినన్ని రోజులూ వేయాలి, కుక్క గంతులేసినా సరే.

*

అన్నిటికంటే పెద్ద చీముసంచి పైకి కనబడదు. పిల్లలు పుట్టకుండా ఆపరేషన్ చేయించని ఆడకుక్కకు, ఎద వెళ్ళిన నాలుగు నుంచి ఎనిమిది వారాల్లో గర్భసంచి చీముతో నిండొచ్చు. చిత్తకార్తెలో ఎదకొచ్చిన దానికి కోతల రోజుల్లో అన్నమాట. బిందెలు బిందెలు నీళ్ళు తాగుతుంది, తిండి మానేస్తుంది, పొట్ట ఉబ్బుతుంది, వెనకనుంచి దుర్వాసనతో కారొచ్చు. కారకపోతే మరీ ప్రమాదం. ఇది పండే దాకా, పగిలే దాకా ఆగే గడ్డ కాదు. గర్భసంచి తీసేయడమే దీనికి నమ్మకమైన వైద్యం. ముందే ఆపరేషన్ చేయించిన కుక్కకు ఈ బాధ దాదాపు ఉండదు.

*

ఊళ్ళో పశువుల ఆస్పత్రి చేతికి అందని కేసులకు, ఎక్స్‌రే, పెద్ద ఆపరేషన్ కావలసినవాటికి, మన జిల్లాలకు దగ్గరలో గన్నవరంలో ఎన్టీఆర్ పశువైద్య కళాశాల ఉంది. సంచార పశువైద్య సేవకు ఫోను నంబరు 1962. కదల్లేని స్థితిలో ఉంటే అడిగి చూడండి. కుక్కను బండెక్కించే ముందు మూతికి మెత్తని గుడ్డతో కట్టు వేయండి. నెప్పితో ఉన్న కుక్క పెంచినవాణ్ణీ కరుస్తుంది. ఊపిరి ఆడని కుక్కకు, వాంతులయ్యే కుక్కకు మాత్రం ఆ కట్టు వద్దు. కరిస్తే సబ్బుతో, పారే నీళ్ళ కింద పదిహేను నిమిషాలు కడిగి, మీరు కూడా ఆస్పత్రికి వెళ్ళండి.

దసరా సామాన్ల చీటీలో ఈసారి నాలుగు వస్తువులు చేర్చుకోండి: డిజిటల్ థర్మామీటరు, సూది లేని పెద్ద సిరంజి, గాజుగుడ్డ, ఒక జత చేతి తొడుగులు.